నోరు కనబడని పాట

నా పని ఏమిటని ఎవరైనా అడిగితే ఎడిటర్‌ని అంటాను. ఏ పేపరుకు అంటారు. పేపరు కాదు, పాటల వీడియోలకు అంటే, ఓ మిక్సింగా అని తేలిగ్గా నవ్వేస్తారు. పెళ్లి క్యాసెట్లు పోయి ఇన్నేళ్లయినా గద్వాలలో ఈ పనికి ఆ పేరు పోలేదు. పోదు కూడా. నేను చచ్చాక మా గల్లీవాళ్లు మిక్సింగ్ శ్రీశైలం పోయాడట అనే చెప్పుకుంటారు.

ఎనిమిదిలో బడి మానేసి బస్టాండు వెనక బాబు మియా స్టూడియోలో చేరాను. మొదట కెమెరా వెంట లైటు మోసేవాణ్ని. తర్వాత మిషన్ ముందు కూర్చోబెట్టాడు. ఆయన నేర్పిన విద్య ఒక్కటే, దాచడం. ఇటిక్యాల దగ్గర ఒక పెళ్లిలో మాంసం కూర తన బంతి దాకా రాలేదని పెళ్లికొడుకు మేనమామ విస్తరి ఎత్తి విసిరికొట్టాడు. క్యాసెట్‌లో ఆ చోట రెండు హంసలు ఈదుకుంటూ పోతాయి. అమ్రాబాద్ దిక్కు ఇంకో పెళ్లిలో అప్పగింతల వేళ పిల్ల తల్లి ఏడవాల్సింది పోయి పెద్దగా ఆవలించింది. అక్కడ గులాబీ రేకులు రాలుతాయి. ఈ మూడు జిల్లాల్లో ఎవరింట్లో పెళ్లి క్యాసెట్ పెట్టి చూసినా, హంసలు కనబడ్డాయంటే అక్కడ ఏదో గొడవ జరిగిందని అర్థం.

క్యాసెట్ల తర్వాత సీడీలు, సీడీల తర్వాత ఫోన్లు. బాబు మియా స్టూడియో మూసేసి కొడుకు దగ్గరికి కర్నూలు పోయాడు. నేను నిరంజన్ దగ్గర తేలాను.

నిరంజన్ వాళ్ల నాయన సీడు పత్తి ఆర్గనైజరు. కంపెనీ నుంచి విత్తనం తెచ్చి రైతులకు ఇచ్చి, పండిన గింజ మళ్లీ కంపెనీకి తోలే వ్యాపారం. కొడుక్కి ఆ వ్యాపారం నచ్చలేదు. జానపద పాటల ఛానల్ పెట్టాడు. నాయన గోదాము మీద ఒక గది, గదిలో ఏసీ, ఏసీ కింద కంప్యూటరు, కంప్యూటరు ముందు నేను. మక్క చేను, లంగా ఓణీ పిల్ల, పంచె కట్టిన పిల్లగాడు, పైన డ్రోను. ఇటువంటివి ఎన్ని కోసి అతికానో నాకే గుర్తు లేదు. కోట్ల మంది చూశారని నిరంజన్ కేకులు కోశాడు. నా పేరు చూడాలంటే వీడియో కింద సన్నగా 'మరింత చూడు' అని ఉన్న చోట వేలు పెట్టాలి. ఎవరు పెడతారు?

ఆ పాటలు పాడే మనిషి ఒకరు, తెర మీద కనబడే మనిషి ఒకరు. ఇది మా దగ్గర తప్పు కాదు, పద్ధతి. ఎర్రగా ఉన్న పిల్ల ముఖానికి బాగా పాడే పిల్ల గొంతు. పాడే పిల్ల బస్సెక్కి ఇంటికి పోతుంది. ఆడే పిల్లతో జనం సెల్ఫీలు దిగుతారు.

తర్వాత లైవ్ ప్రోగ్రాములు మొదలయ్యాయి. వనపర్తి, నాగర్‌కర్నూల్, గద్వాల, ఎక్కడ చూసినా స్టేజీలు. ఫ్లెక్సీ మీద లైవ్ అని ఇంత పెద్ద అక్షరాలు ఉంటాయి కానీ అందులో పాడేది పెన్‌డ్రైవ్. అందులో రెండు రకాల పాటలు వేసుకొస్తారు. గొంతు తీసేసి వాయిద్యం మాత్రమే ఉంచింది మైనస్ ట్రాక్, గొంతుతో సహా అన్నీ ఉన్నది ప్లస్ ట్రాక్. మైనస్ పెడితే పాడాలి. ప్లస్ పెడితే మైకు మూతి దగ్గర పెట్టుకుని పెదాలు ఆడిస్తే చాలు. అందరూ ప్లస్సే పెడతారు. గొంతు పట్టేసింది, దుమ్ము ఉంది, జలుబు చేసింది అంటారు. జనానికి తెలియదా? సగం తెలుసు. ఎగురుతున్నంత సేపు ఎవరూ పట్టించుకోరు.

అఖిల మాత్రం పట్టించుకుంది.

ఆ పిల్లది ఇటిక్యాల దగ్గర ఊరు. తల్లి రుక్కమ్మ సీడు పత్తిలో క్రాసింగ్ కూలికి పోతుంది. సాయంత్రం ఆడ మొగ్గలు గిచ్చి పెట్టడం, తెల్లారి మగ పువ్వులు తెంపుకొచ్చి వాటికి పూయడం, ఇదీ పని. పువ్వు పువ్వుకూ వంగాలి. ఆ చేలల్లో తల్లి పాడిన పాటలే ఈ పిల్ల గొంతుకు ఎక్కాయి.

మగపువ్వు తెంపి ఆడపువ్వుకు పూస్తి
చేతికంతా పుప్పొడాయె చెల్లెలా
గింజ కంపెనీకి పాయె, దూది బండికి పాయె
నడుము నొప్పి నాకు మిగిలె చెల్లెలా

నిరంజన్ ఆ పాటను స్టూడియోలో పాడించి వీడియో చేశాడు. ఊరూరా మోగింది. వీడియోలో అఖిల లేదు. హైదరాబాదు నుంచి వచ్చిన ఇంకో పిల్ల చేతికి గాజులేసుకుని పత్తి చేన్లో గిరగిరా తిరుగుతుంది. ఏడుపు పాటకు ఆ తిరుగుడు ఏమిటని నేనన్నాను. నిరంజన్ విననట్టే ఉన్నాడు.

అటువంటప్పుడు అఖిలకు సుభద్రమ్మ సంగతి తెలిసింది. ఆమె హైదరాబాదులో పెద్ద పాటగత్తె. ఆడవాళ్లతోనే ఒక బృందం నడుపుతుంది. ఏడాది పొడుగునా జిల్లాలు తిరుగుతారు, మైకూ డప్పూ గొంతూ తప్ప ఇంకో సామాను ఉండదు. ట్రాక్ అనే మాట వింటేనే ఆమెకు మంట. అఖిల ఫోన్ చేసి అడిగితే, నువ్వు స్టేజీ మీద నిలబడి పాడిన ప్రోగ్రాము ఒకటి మొత్తం చూపించు, నచ్చితే ఉగాది నుంచి నువ్వూ మాతో రా అన్నదట.

అఖిల ఆ మాట చెప్పడానికి గోదాము మెట్లెక్కి నా దగ్గరికి వచ్చింది. వనపర్తిలో యువజన సంఘం వాళ్ల ప్రోగ్రాము ఉంది, నిరంజన్ దాన్ని మూడు కెమెరాలతో తీసి సినిమా లెక్క ఛానల్లో పెడతానన్నాడు, ఎడిటింగ్ నాదే అని ఆమెకు తెలుసు.

"కాకా, ప్లస్ వద్దు, మైనస్ వద్దు. యోసేపన్న డప్పు కొడ్తడు, నేను పాడ్త. నువ్వు జర మంచిగ చెయ్యి. ఆమె నన్ను తీస్కపోవాల్నంటే గదొక్కటే దారి. లేకుంటే పొద్దుగాల మా అమ్మ ఎంబడి పువ్వులకు, పొద్దుమీకి నిరంజనన్న స్టేజీ మీద మూతి ఆడిచ్చుటానికి. గంతే నా బతుకు."

పాడితే చాలు, మిగతాది నేను చూసుకుంటా అన్నాను. ఎందుకన్నానో. ఎవరికైనా మాటివ్వడానికి నా చేతిలో ఏముంది?

వనపర్తి ప్రోగ్రాము నేను స్టేజీ కింద నిలబడి చూశాను. సౌండు చూసేది ఇంతియాజ్. మంచివాడు, పనిమంతుడు, అఖిల మైకుకు వేరే లైను తీసి రికార్డు చేసిపెట్టాడు. యోసేపు డప్పు నిప్పు మీద కాచుకుని వచ్చాడు. పిల్ల మామూలు చీర కట్టుకుని నిలబడి పాడింది. మొదటి రెండు చరణాలు జనం ఈలలు వేస్తూనే ఉన్నారు. మూడో చరణం దగ్గర ఆమె పాటను నిదానం చేసింది. ఎవరూ చెప్పలేదు. యోసేపు ఒక చూపు చూసి తనూ నిదానమయ్యాడు. నడుము నొప్పి నాకు మిగిలె అన్న దగ్గర గాలి దుమ్ము లేచి ఆమెకు దగ్గు వచ్చింది. దగ్గి, కొంచెం నవ్వి, మళ్లీ అందుకుంది. గ్రౌండులో ఈలలు ఆగిపోయాయి. ముందు వరుసలో ఆడవాళ్లు చెంగులు నోటికి పెట్టుకున్నారు.

నేను పెళ్లి క్యాసెట్ల కాలం నుంచి ఈ పనిలో ఉన్నాను. దాచాల్సిందేమీ లేని సామాను నా చేతికి రావడం అదే మొదలు. గదిలో కూర్చుని తృప్తిగా చేశాను. మూడో చరణం మొత్తం ఒకే షాటు ఉంచాను. ముఖం, మెడ మీద నరం, పెదాలు, దగ్గు, నవ్వు. కోయబుద్ధి కాలేదు. ఇంతియాజ్ ఇచ్చిన స్టేజీ గొంతే కింద పరిచాను.

నిరంజన్ దాన్ని కుర్చీలో వెనక్కి వాలి ఫోన్లో చూశాడు. మా పని మొత్తం ఆ ఫోన్లోనే పాసో ఫెయిలో అవుతుంది.

"శ్రీశైలమన్నా, ఏందిది? దమ్ము గుంజుతున్న సప్పుడు ఇనబడుతుంది. దగ్గు గూడ ఉంచినవా?"

ఆమె నిజంగా పాడింది కాబట్టి ఉంచానన్నాను.

"పాడింది, కాదంటలే. గని జనానికి స్టూడియో పాట అలవాటైంది. గదే ఎయ్యి. బొమ్మ స్టేజీది, గొంతు స్టూడియోది. అందరు చేస్తున్నదే గద."

నేను కాదన్నాను. స్టూడియోలో ఆమె పాడింది ఒక తీరు, స్టేజీ మీద పాడింది ఒక తీరు, మూడో చరణంలో పెదాలకూ గొంతుకూ పొంతన ఉండదు, చూసినవాళ్లు దొంగపాట అంటారు అని విడమరచి చెప్పాను. సుభద్రమ్మ సంగతి కూడా చెప్పాను. చెప్పకుండా ఉండాల్సిందేమో. తన ఛానల్లో పేరు తెచ్చుకుని ఇంకొకరి బృందంలోకి పోతుందా అని అతని ముఖం ముడుచుకుంది. నువ్వు చేయకపోతే సామాను హైదరాబాదు పంపుతా, అక్కడి పిల్లలు చిటికెలో చేసిస్తారు అన్నాడు. ఆ పిల్లల పని నాకు తెలుసు. గొంతొక దిక్కు పోతుంటే నోరొక దిక్కు పోతుంది, వాళ్లకు పట్టదు.

అందుకని నేనే కూర్చున్నాను. నేను చేస్తే కనీసం పిల్ల నవ్వులపాలు కాదు అనుకున్నాను.

ఇంక చూడండి నా విద్య. పెదాలు కలవని ప్రతి చోటా ఇంకోటి పెట్టాను. యోసేపు చేతిలో డప్పు కొట్టే సిర్రా. గాల్లో ఊగే ఫోన్ల వెలుగు. ముందు వరుసలో ముసలామె కళ్లు. అఖిల వీపు, వీపు మీద జడ, జడ అవతల గ్రౌండు నిండా జనం. డ్రోను. మళ్లీ సిర్రా. మూడో చరణంలో ఆమె ముఖం ఒక్కసారి కూడా నేరుగా రాదు. ఎక్కడా ఒక్క అతుకు కనబడదు. బాబు మియా ఉంటే భుజం తట్టేవాడు.

వీడియో వచ్చింది. మొదటి రోజు మొత్తం పొగడ్తలే. తర్వాత ఎవడో రాశాడు. మూడో చరణంలో నోరెందుకు చూపిస్తలేరు అని. అంతే. దాని కింద వందమంది చేరారు. ఆపి ఆపి చూశారు. మొదటి రెండు చరణాల్లో కూడా ముఖం ఎక్కడుందో, ఎక్కడ లేదో లెక్కలు తీశారు. ఎవడో పాత స్టూడియో పాటను దీని పక్కన పెట్టి రెండూ ఒక్కటే గొంతు, ఒక్కటే సాగతీత అని చూపించాడు. అది నిజమే కదా, కాదని ఎట్లా అనడం. లైవ్ అని మోసం చేశారని, మూతి ఆడించే దానికి డప్పెందుకని, ఇంకా చెప్పరాని మాటలు. పాడకుండా పెదాలాడించే వాళ్లను ఇన్నేళ్లు ఎగిరి ఎగిరి చూసిన జనం, నిజంగా పాడిన ఒక్క పిల్లను పట్టుకున్నారు.

నేను నిరంజన్ దగ్గరికి పోయి వీడియో తీసేసి నా మొదటిది పెడదామన్నాను. అతను కామెంట్ల సంఖ్య చూపించి ఇంత మంది ఎన్నడన్నా మాట్లాడారా అన్నాడు. అతనికి అది పండుగ.

అఖిల వచ్చింది. ఏడవలేదు, అరవలేదు. ఆ రోజు నేను పాడిన గొంతు నీ దగ్గర ఉందా లేదా అని మాత్రం అడిగింది. ఉందన్నాను. మూడో చరణం, కోయని షాటు, స్టేజీ గొంతుతో తీసి ఆమె ఫోన్లో వేసిచ్చాను. ఆమె తన పేరు మీద పెట్టుకుంది. ఇప్పుడు తెలుస్తుంది నా కొడుకులకు అనుకున్నాను.

ఏం తెలిసింది? ఈ దగ్గు తర్వాత అతికించారు అని రాశారు. ఊపిరి చప్పుడు మిషన్లో కలిపారట. ఎడిటర్లు ఏమైనా చేస్తారు, మా అన్న పెళ్లిలో లేని మనిషిని ఉన్నట్టు పెట్టారు అని ఒకాయన సాక్ష్యం చెప్పాడు. దాన్ని చదివి నేను నవ్వాను, ఆ పెళ్లి ఏదో నాకు గుర్తొచ్చింది, అందులో నేనే పెట్టాను. ఏం లాభం. నేనే లెక్క చెప్పాలని నా పేరుతో కింద రాశాను, నేను దీని ఎడిటర్‌ని, ఇదే అసలుది, ఛానల్లో ఉన్నదానికే గొంతు మార్చాం అని. ఎవడో జవాబిచ్చాడు. 'నువ్వు మార్చినోనివే ఐతే నీ మాట ఎట్ల నమ్మాలె కాకా?'

 

నాలుగు రోజులకు ఆ వీడియో కూడా మాయమైంది. పాట మీద హక్కు నిరంజన్ ఛానల్‌ది కాబట్టి తీసేశారట. రుక్కమ్మ పత్తి చేన్లో కట్టిన పాట. నేను కాగితాలు చదివి వాదించేటోణ్ని కాదు. ఎవరితో వాదించాలో కూడా తెలియదు. గదిలో ఏసీ చప్పుడు వింటూ కూర్చున్నాను.

అప్పుడు నాగర్‌కర్నూల్ ప్రోగ్రాము వచ్చింది. నిరంజనే పెట్టించాడు. ట్రాక్ లేకుండా అఖిల సవాల్ అని ఫ్లెక్సీలు కొట్టించాడు. అఖిల ఒప్పుకుంది. జనం ముందర నిలబడి పాడితే ఇంక మాటే ఉండదని ఆమె ఆశ. సుభద్రమ్మ ఇంకా ఏ సంగతీ చెప్పలేదు. ఈ ప్రోగ్రాము చూశాక చెబుతుందని పిల్ల నమ్మకం. నాకూ అదే అనిపించింది. కళ్ల ముందు పాడుతుంటే ఎవడు కాదంటాడు?

పొద్దు వాలే వేళకు గ్రౌండు నిండింది. వాళ్లు పాట కోసం కాదు, పట్టుకోవడానికి వచ్చారు. చేతుల్లో ఫోన్లు లేపి సిద్ధంగా ఉన్నారు. ఆ రోజు కెమెరామన్ రాకపోతే ఒక కెమెరా నేనే పట్టుకుని స్టేజీ పక్కన నిలబడ్డాను. అఖిల మొదలుపెట్టింది. గొంతు వనపర్తిలో కంటే బాగుంది. మొదటి చరణం అయ్యింది. రెండోది సగంలో ఉంది. వెనక జనరేటరు దగ్గర గుంపుగా ఉన్న మొగపిల్లల్లో ఒకడు వంగి, సౌండుకు పోయే వైరు పీకేశాడు. నిజమా అబద్ధమా ఇప్పుడే తేల్చుకుందామని.

అన్నీ ఒక్కసారి ఆగిపోయాయి. బాక్సులు ఆగాయి, మైకు ఆగింది. లైట్లు మాత్రం వేరే లైను కాబట్టి వెలుగుతూనే ఉన్నాయి. ఆ వెలుగులో అఖిల నోరు ఆడుతూనే ఉంది. పాట ఆపలేదు పిల్ల. మైకు పోయిందని తెలిసి ఇంకా గట్టిగా పాడుతోంది, మెడ నరాలు లేచాయి. కానీ అంత గ్రౌండులో ఒక్క ఆడపిల్ల ఒట్టి గొంతు ఎంత దూరం పోతుంది? యోసేపు డప్పు ఆపలేదు. డప్పుకు మైకు అక్కర లేదు, అది నాలుగు వీధుల అవతలికి వినబడుతుంది. జనానికి డప్పు వినబడింది, గొంతు వినబడలేదు.

 నవ్వు మొదలైంది. మొదట వెనక నుంచి, తర్వాత గ్రౌండు మొత్తం. దొరికింది దొరికింది అని ఎవడో ఈల వేశాడు. వైరు పీకితే మైకు కూడా పోతుందిరా, ఎవరు పాడినా పోతుందిరా అని ఇంతియాజ్ గొంతు చించుకుంటున్నాడు. ఆయన మాటా మైకులో లేదు, ఎవరికి వినబడాలి? స్టేజీ ముందు కూర్చున్న ఆడవాళ్లు కొందరు వెనక్కి తిరిగి, పాడుతున్నదయ్యా, మాకు వినబడుతున్నది అని చేతులూపారు. వాళ్లను చూసి ఇంకా నవ్వారు. యోసేపుకు అప్పుడు తట్టి డప్పు ఆపాడు. అప్పటికి అఖిల కూడా ఆపేసింది.

వైరు మళ్లీ పెట్టి, మైకు వచ్చి, ఆమె పాట అందుకునే సరికి జనం లేచిపోతున్నారు. చూడాల్సింది చూశారు కదా. బందోబస్తుకు వచ్చిన పోలీసాయన ఇంక చాలించమన్నాడు.

నేను కెమెరా పట్టుకుని అక్కడే ఉన్నాను. స్టేజీ ఎక్కి జనానికి చెప్పాలని కాళ్లకు అనిపించింది. చెప్పేదేముంది? నేనెవర్ని? మిక్సింగ్ శ్రీశైలం.

తెల్లారేసరికి వైరు పీకిన వీడియో ప్రతి ఫోన్లోనూ ఉంది. నోరాడుతున్న అఖిల, డప్పు, నవ్వు. అంత దూరం నుంచి ఏ ఫోనుకూ ఆమె గొంతు అందలేదు. అబద్ధం అతికించాలంటే నాకు రోజులు పడతాయి. వీళ్లు ఒక్క అతుకు లేకుండా చేశారు.

సుభద్రమ్మ ఫోన్ గోదాము గదిలోనే వచ్చింది. అఖిల ఆమె మాట నేను కూడా వినాలని స్పీకరు పెట్టింది. ఆమె పెద్దరికంగా, మెల్లగా మాట్లాడింది. నువ్వు పాడినవని నాకు తెలుసు బిడ్డా అన్నది. మెడ చూస్తే తెలుస్తుందట, పాడకుండా నరం అట్లా లేవదట. పిల్ల ముఖంలో వెలుగు వచ్చింది. నాకూ ఊపిరి ఆడింది.

"గని బిడ్డా, నిన్ను ఎంబడి తీస్కపోతే ప్రతి ఊర్ల ఎవడో ఒకడు వైరు పీకుతడు. నా తోని ఇంకా పదిమంది ఆడపిల్లలున్నరు. వాళ్లందర్ని గూడ గిట్లనే అంటరు. జనం మర్చిపోనీ. మర్చిపోయినంక సూద్దాం."

ఎప్పుడు మర్చిపోతారమ్మా అని అఖిల అడిగింది.  నాకు తెల్వదు బిడ్డా అన్నది ఆమె.

ఫోన్ పెట్టేశాక అఖిల చాలాసేపు నా మానిటరు వైపు చూస్తూ కూర్చుంది. దాని మీద ఎవరిదో పెళ్లి ఆగి ఉంది. టీ తెప్పించనా అన్నాను. వద్దన్నది. నిరంజన్ వచ్చాడు. అతను కూడా బాధపడుతున్నట్టే మాట్లాడాడు, నిజంగానే పడ్డాడేమో, నేను అతన్ని రాక్షసుడనను. గద్వాలలో ఇంకో ప్రోగ్రాము ఉంది, చేస్తావా, వద్దంటే వేరే పిల్లను చూస్తా అన్నాడు.

"చేస్తనన్నా," అన్నది అఖిల. "ప్లస్ ట్రాకే పెట్టమను."

నేను కుర్చీలోంచి లేచాను. పిచ్చిపిల్లా, అదే కదా వాళ్లు అంటున్నది, నిజం చేసి పెడతావా అన్నాను. ఆమె నా వైపు తిరిగి మామూలుగా చెప్పింది, కోపం కూడా లేదు.

"నిజంగ పాడితే ఎవ్వలు నమ్మలే గద కాకా. ట్రాక్ల నా గొంతే ఉన్నది, నా పాటే. దానికి నోరు కలిపి ఆడిస్త. నువ్వు గట్టిగ దగ్గరికొచ్చి నా మూతే తియ్యి. ఈసారి దాసిపెట్టకు."

దాచిపెట్టకు అన్నది. నేను కాదని చెప్పేలోపే ఆమె మెట్లు దిగిపోయింది.

గద్వాల ప్రోగ్రాముకు ముందు రెండు మూడు సార్లు ఆమె గదికి వచ్చింది. స్టూడియో పాట పెట్టమని, కెమెరా తన ముందర పెట్టమని, ఎక్కడ పెదాలు ముందు పోతున్నాయో, ఎక్కడ వెనక పడుతున్నాయో చెప్పమన్నది. చెప్పాను. నా పని అదే కదా. ఎవరి నోరు ఎక్కడ తప్పుతుందో నా కంటే బాగా చెప్పేవాడు ఈ మూడు జిల్లాల్లో లేడు. ఆమె వినికిడి గట్టిది, తొందరగా పట్టేసింది. చివరిసారి చూసినప్పుడు ఒక్క ఫ్రేము కూడా తేడా లేదు.

ప్రోగ్రాము నాడు చిన్న గ్రౌండు, ఎక్కువ జనం. ఈసారి వైరు దగ్గర నిరంజన్ మనుషుల్ని కాపలా పెట్టాడు. ముందు వరుసలో రుక్కమ్మ కూర్చుంది. చేలో పని ఎప్పుడూ తెగక కూతురు పాట స్టేజీ మీద ఇంతకుముందు చూడలేదు. ఇప్పుడు పత్తి ఏరడం అయిపోయింది, ఊరివాళ్లతో ఆటో మాట్లాడుకుని వచ్చింది. ట్రాక్ సంగతి ఆమెకు అఖిల చెప్పలేదు. నాకు చెప్పడానికి నోరు రాలేదు.

పాట మొదలైంది. బాక్సుల్లో స్టూడియో గొంతు శుభ్రంగా వచ్చింది. అఖిల పెదాలు దాని మీద అచ్చుగుద్దినట్టు ఆడాయి. నేను దగ్గరికి పోయి ఆమె అడిగినట్టే నోరే తీశాను. మూడో చరణం కూడా నోరే. గ్రౌండులో ఒక్కడు కూడా కేక వేయలేదు. పాట ముగిసేసరికి చప్పట్లు ఆగలేదు. నా వెనక నిలబడిన పిల్లలు ఫోన్లు దించుతూ, ఈసారి నిజంగ పాడిందిరా, చూడు ఎట్ల కలుస్తుందో అనుకున్నారు. వీడియో పెట్టాక కూడా అదే రాశారు. ఇదీ లైవ్ అంటే, పాపం అక్కను ఉత్తగ అన్నం అని కొందరు క్షమాపణలు కూడా చెప్పారు.

జనం పోయాక నేను స్టేజీ మీద కెమెరా వైరు చుట్టుకుంటున్నాను. రుక్కమ్మ మెట్లెక్కి వచ్చింది. పత్తి డొప్పలు గీరుకుని పగిలిన చేతులతో కూతురి ముఖం తడిమి, మెటికలు విరిచింది.

"మంచిగ పాడినవ్ బిడ్డా. ఒక్క తాన గూడ దమ్ము పట్లే. నా కన్నా మంచిగొచ్చింది పాట."

అఖిల తల్లి భుజం మీదుగా నా వైపు చూసింది. నేనేదో అంటానని కాదు, అననని తెలిసే చూసింది. నేను వైరు చుట్టుకుంటూనే ఉన్నాను.

"నువ్వు గూడ ఇన్నవా అన్నా?" అని రుక్కమ్మ నన్ను అడిగింది.

విన్నానమ్మా అన్నాను.